మూడు తెడ్ల దిబ్బ

నా కొడుకు ప్రసాద్ మా దిబ్బని మోపిదేవి రోడ్డు మీద ఒక కారు మనిషికి ఇచ్చేశాడు. అమ్ముకున్నాడని కొందరంటారు. అది అబద్ధం. అమ్ముకుని ఉంటే నాకు అర్థమయ్యేది. అవసరం ఉన్నవాడు అమ్ముకుంటాడు. వీడు ఊరికే ఇచ్చాడు. భుజం మీద ఒక పెద్దమనిషి చెయ్యి పడితే చాలనుకుని ఇచ్చాడు.

ఇది పోయిన ఏడాది వేట నిషేధం రోజుల్లో జరిగింది. ఏప్రిల్ నడిమి నుంచి జూన్ నడిమి దాకా సముద్రంలోకి పడవ దించకూడదు. చేప గుడ్లు పెట్టే కాలం. పడవలు ఒడ్డుకి లాగేసి మగాళ్ళు వలలు బాగుచేసుకుంటారు, నోళ్ళు పాడుచేసుకుంటారు. పనిలేని మగాళ్ళ మధ్యకి ఎవడు ఏ కథ తెచ్చినా అంటుకుంటుంది. మా మధ్యకి ఇటలీ వచ్చింది.

ముందు దిబ్బ గురించి చెప్పాలి. దివిసీమ చివర, పాయ సముద్రంలో కలిసేచోట మూడు పాలేలున్నాయి. పెద్దపాలెం, నడిమిపాలెం, మొగపాలెం. మాది మొగపాలెం. మూడింటికీ మధ్యన ఒక ఇసుక దిబ్బ. ఎంత పోటు వచ్చినా నీళ్ళెక్కని చోటు ఆ చుట్టుపక్కల అదొక్కటే. మూడు పాలేల ఆడవాళ్ళూ చేపలు ఎండబెట్టేది అక్కడే. మా ఆవిడ భాగ్యమ్మ చచ్చిపోయే నెల దాకా అక్కడే ఎండబెట్టింది. పట్టా ఎవరి పేరునా లేదు. కాగితం మీద సర్కారుది, మా లెక్కలో మూడు పాలేలది. దాని మీద ఒక పాక వెయ్యాలన్నా, ఒక గుంజ పాతాలన్నా, మూడు పాలేల పెద్దలూ తమ తెడ్లు తెచ్చి ఇసుకలో పక్కపక్కన నాటాలి. ఒక్క తెడ్డు రాకపోయినా ఆ పని జరగదు.

ఇప్పుడు పడవలన్నీ ఇంజన్లే. వేటలో తెడ్డుతో పని లేదు. కానీ మాలో ఒక కట్టుబాటు ఉంది. తెడ్డు ఎవరి చేతికిస్తే పడవ వాడిది. ఇచ్చాక మళ్ళీ అడగరు. అడిగినవాణ్ణి మనిషిగా చూడరు. మొగపాలెం తెడ్డు మా నాన్న తర్వాత నా దగ్గర ఉండేది.

కాంతారావు మాస్టారు బందరు కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరయ్యాడు. ప్రసాద్ డిగ్రీ చదివింది ఆయన దగ్గరే. ప్రసాద్ పిలిస్తే వచ్చాడు. తుఫాను షెల్టర్లో పై గది ఖాళీ చేసి ఇచ్చారు. పొద్దుటిపూట కుర్రాళ్ళని కూర్చోబెట్టి ఇటలీ చెప్పేవాడు. నేను ఏడో క్లాసు మా ఊరి బళ్ళోనే ఆపేసినవాణ్ణి. వలకి చిరుగులు అల్లుకుంటూ ఓ మూల కూర్చునేవాణ్ణి. చెప్పడం బాగా చెప్పేవాడు, అది కాదనను.

"అప్పట్లో ఇటలీ అని ఒక దేశమే లేదయ్యా," అనేవాడు. "అన్నీ ముక్కలు. ఒక ముక్క ఆస్ట్రియా వాడిది, ఒకటి పోపుగారిది, కింద దక్షిణం ఇంకో రాజుది. ఒకే సముద్రం చుట్టూ ఉంటారు, ఒకడి మొహం ఒకడు చూడడు. ఎక్కడో చూసినట్టు లేదూ?"

కుర్రాళ్ళు నవ్వేవారు. కిందటి జాతరలో పెద్దపాలెం వాళ్ళు మా వాడి తల పగలగొట్టారు. ఆ పగిలిన తలవాడు కూడా నవ్వేవాడు.

మాస్టారికి మాజినీ దేవుడు. ముక్కలన్నీ ఒకటవ్వాలి కానీ ఏ రాజు కిందా కాదు, జనమే తమని తాము ఏలుకోవాలి అన్నవాడట. దేశాలు పట్టుకు తిరిగి, మారుపేరుతో సొంత గడ్డ మీదే దొంగలా చచ్చిపోయాడట. ప్రసాద్‌కి గారిబాల్డీ దేవుడు. నావికుల ఇంట్లో పుట్టినవాడు. ఎర్ర చొక్కాలేసుకున్న వెయ్యిమందిని రెండు ఓడల్లో ఎక్కించుకెళ్ళి దక్షిణమంతా గెలిచినవాడు. మూడోవాడు కవూర్ అని మంత్రి. యుద్ధానికి వెళ్ళడు, మిగతావాళ్ళు గెలిచింది రాజు పేరు మీద రాయిస్తాడు. వాణ్ణి ఎవరూ పూజించలేదు. చివరికి మాకు దొరికింది వాడే.

ఒకరోజు నేనడిగాను. "మాస్టారూ, ఆ దక్షిణంలో బీదోళ్ళు భూమి అడగలేదా?"

ఆయన కళ్ళజోడు తీశాడు. "అడిగారు సత్తయ్య గారూ. గారిబాల్డీ వచ్చాడంటే పొలాలు పంచుతారనుకున్నారు. ఒక ఊళ్ళో ఆగలేక లేచి ఆసాముల మీద పడ్డారు."

"మరి?"

"గారిబాల్డీ సేనానే వచ్చాడు. విచారణ అన్నాడు. కొందరిని నిలబెట్టి కాల్పించాడు."

"ఎర్ర చొక్కాల వాళ్ళేనా?"

"వాళ్ళే."

ప్రసాద్ మధ్యలో అందుకున్నాడు. "అది యుద్ధం మధ్యలో కదా నాన్నా. ముందు దేశం ఒకటవ్వాలి. మిగతావన్నీ తర్వాత."

"తర్వాత ఇచ్చారా?"

"మంచి ప్రశ్న వేశారండీ," అన్నాడు మాస్టారు. నేను అడిగింది మెచ్చుకోమని కాదు.

ఆ పాఠాల్లోంచి పుట్టింది వాళ్ళ ఏకతీర సంఘం. మూడు పాలేలూ ఒకటి కావాలి, ముగ్గురు పెద్దల బదులు ఒకే నాయకుడు ఉండాలి, ఒకే గొంతుతో బందరు వెళ్ళి కలెక్టరుని దిబ్బకి పట్టా అడగాలి. కోరింది చెడ్డది కాదు. ప్రసాద్ గుడివాడ వెళ్ళి ఎర్ర టీషర్టులు మూట కట్టించుకొచ్చాడు. కోడలు జ్యోతిర్మయి వాటి మీద తెల్లదారంతో తెడ్డు బొమ్మ కుట్టింది. వాటిని వేసుకుని కుర్రాళ్ళు అవనిగడ్డ వెళ్తే, బస్టాండులో ఎవడో డెలివరీ కుర్రాళ్ళనుకుని "బాబూ, నా పార్సిల్ తెచ్చారా?" అని అడిగాడట.

సుభాని ఆ రోజుల్లోనే వచ్చాడు. బందరులో ఎండుచేపల వ్యాపారం. ముప్పై ఏళ్ళుగా మా దిబ్బ సరుకు కొంటున్నాడు. దిబ్బ మీద కొండమ్మ నిషేధానికి ముందు పట్టిన సావళ్ళ చేపల్ని ఎండలో తిరగేస్తుంటే పక్కన చతికిలబడ్డాడు. కొండమ్మ మా ఆవిడకి తోడికోడలు వరస. మొగుడు సముద్రంలో పోయాక ఆ దిబ్బ మీదే కొడుకుని పెంచింది.

"ఏంటి బావా, ఎలక్షన్లొచ్చాయా? మీవాడు ఎర్రచొక్కాల్ని వెంటేసుకు తిరుగుతున్నాడు."

"ఎలక్షన్లు కాదు. ఇటలీ," అన్నాను.

"ఇటలీవాళ్ళు ఎండుచేపలు కొంటారా?"

కొండమ్మ పడీపడీ నవ్వింది. "కొంటే నీకే నష్టం సుభాని. వాళ్ళు తూకంలో మోసం చెయ్యరంట."

సుభాని నవ్వి, తర్వాత నవ్వడం మానేశాడు. "బావా, ఒక మాట చెప్తాను, కోపం తెచ్చుకోకు. మా బజార్లో కొట్లు ఎవడివి వాడివిగా ఉన్నన్నాళ్ళు ఎవడూ మమ్మల్ని కదపలేకపోయాడు. ఒకణ్ణి లొంగదీస్తే ఇంకొకడు అడ్డం తిరిగేవాడు. ఐకమత్యం కావాలని అసోసియేషన్ పెట్టుకున్నాం. పెద్ద కంపెనీవాళ్ళు ప్రెసిడెంటు ఒక్కణ్ణి పట్టుకున్నారు, బజారంతా వాళ్ళ చేతికి పోయింది. మీ దిబ్బ మీద ఎంతమంది కన్నేశారు? రొయ్యలవాళ్ళు, ఐసు ఫ్యాక్టరీవాళ్ళు, రిసార్టువాళ్ళు. ఎవడికైనా దక్కిందా? మీలో మీరు కొట్టుకు చస్తారు కాబట్టి దక్కలేదు. మీ కొట్లాటే దానికి కంచె. మూడు తాళాలున్న పెట్టెకి ఒకటే తాళం చాలంటున్నాడు మీవాడు."

ఆ మాట ఇంటికెళ్ళి ప్రసాద్‌తో అన్నాను. "సుభాని మావయ్యకి కావాల్సింది మనం విడివిడిగా ఉండటమే. చవగ్గా కొనుక్కోవచ్చు," అన్నాడు. ముప్పై ఏళ్ళ మనిషిని ఒక్క మాటలో తీసి పారేశాడు. తర్వాత, "నాన్నా, తెడ్డు ఇవ్వు. మిగతా ఇద్దరూ ఇచ్చేశారు," అన్నాడు.

"ఇవ్వకపోతే?"

"అమ్మ ఉంటే ఇచ్చేది."

"మీ అమ్మ ఉంటే నిన్ను దాంతోనే కొట్టేది."

జ్యోతిర్మయి గుమ్మంలో నిలబడి ఉంది. "మావయ్యా, మొదటిసారి మన పిల్లలు తాగకుండా, కొట్టుకోకుండా ఒకచోట కూర్చుంటున్నారు," అంది. అది నిజమే. కొడుకుని నమ్మని తండ్రినని మూడు పాలేలూ చెప్పుకోవడం నాకిష్టం లేదు. చూరు కింద నుంచి తీసి ఇచ్చాను.

వడ్రంగి చేత మూడు తెడ్ల చెక్కలూ కోయించి, బోల్టులు వేయించి ఒకే తెడ్డు చేయించారు. ఎర్రరంగు కొట్టారు. జబర్దస్తీగా అతికించిన వస్తువు. నీళ్ళలో పెడితే ఒక్క వేటు కూడా ఆగదు. దాన్ని ప్రసాద్ చేతికిచ్చి, దిబ్బ మీద మూడు పాలేలూ చప్పట్లు కొట్టాయి. ఇకనుంచి దిబ్బ మీద మాటంటే ఆ ఒక్క తెడ్డు మాటే అని ఒప్పుకున్నారు. మాస్టారు ఏడ్చాడు.

మే నెల చివర్లో బందరు యాత్ర పెట్టుకున్నారు. మోటారు సైకిళ్ళు, ట్రాక్టర్లు. అవనిగడ్డలో టీ తాగడానికి ఆగాం. అక్కడ ప్రసాద్‌కి ఫోను వచ్చింది. గుడివాడ నుంచి వీరాంజనేయులు అనే ఆయన. రొయ్యల చెరువులు, మేత గోడౌన్లు ఉన్నాయి. కోస్తా మత్స్య సమాఖ్య అని ఒకటి పెట్టి దానికి తనే అధ్యక్షుడయ్యాడు. మోపిదేవి దగ్గర కలుస్తానన్నాడట. తనే ముందుండి కలెక్టరు దగ్గరకి తీసుకెళ్తానన్నాడట.

మాస్టారు గ్లాసు కింద పెట్టాడు. "వద్దు ప్రసాద్."

"ఆయన లేకపోతే మనల్ని గేటు దగ్గరే ఆపేస్తారండీ."

"ఆపితే గేటు దగ్గరే కూర్చుందాం. రాజుతో కలిస్తే అంతా రాజుదే అవుతుంది. నెలన్నర నుంచి నేను చెప్పింది అదే కదయ్యా?"

"మీరు చెప్పింది మాజినీ గురించి మాస్టారూ. మాజినీ ఏం సాధించాడు? రాజుని ఒప్పుకున్నాడు కాబట్టే గారిబాల్డీ దేశాన్ని కలిపాడు. మనం మూడు పాలేల దగ్గరే ఆగిపోవాలా? కోస్తా అంతా ఒకటవుతుంటే?"

"ఎవరి కింద ఒకటవుతుంది?"

"ఎవరి కిందైతే ఏంటండీ?"

మాస్టారు టీ డబ్బులిచ్చేసి లేచాడు. అనాల్సిన చోట ఆగిపోయాడు. చదువుకున్నవాళ్ళు గదిలో అరుస్తారు, రోడ్డు మీద మర్యాదగా ఉంటారు.

మోపిదేవి గుడి దగ్గర ఆ రోజు జనం ఎక్కువ. గుండ్లు కొట్టించుకున్న పిల్లలు, చెవులు కుట్టించుకుని ఏడుస్తున్న పిల్లలు, ఆటోలు. ఆ మధ్యలో తెల్లకారు ఆగింది. వీరాంజనేయులు దిగాడు. ఎర్రచొక్కాలన్నీ చుట్టూ మూగాయి. ప్రసాద్ ముందుకెళ్ళాడు. "దివితీరం అంతా మీ వెంటే ఉందండీ," అని తెడ్డు ఆయన చేతికిచ్చాడు.

ఆయన దాన్ని తలకిందులుగా పట్టుకుని ఫోటో దిగాడు. తర్వాత డ్రైవరుకిచ్చాడు. డిక్కీలో పట్టలేదు. డ్రైవరు వెనక అద్దంలోంచి కొస బయటికి పెట్టి తాడుతో కట్టాడు.

"మంచి పని చేశావయ్యా," అని ఆయన ప్రసాద్ భుజం తట్టాడు. "కలెక్టరు గారితో నేను మాట్లాడతాను. మీరంతా ఈ ఎండలో బందరు దాకా ఎందుకు? వెనక్కి వెళ్ళండి. వార్త నేను పంపిస్తాను."

కారు ఊళ్ళోకి తిరిగింది. అక్కడెవరింట్లోనో ఆయనకి భోజనం. ప్రసాద్‌ని రమ్మనలేదు. ప్రసాద్ కల్వర్టు మీద కూర్చుని ఎవరో తెచ్చిన పులిహోర పొట్లం విప్పుకున్నాడు.

ఆ వారమే మాస్టారు ఈ పాఠం చెప్పాడు. గారిబాల్డీ తను గెలిచిన దక్షిణాన్నంతా తీసుకెళ్ళి రోడ్డు మీద ఎదురొచ్చిన రాజుకి అప్పగించాడట. రాజు చెయ్యి కలిపి తన భోజనానికి తను వెళ్ళిపోయాడట. గారిబాల్డీ దారిపక్కన కూర్చుని రొట్టె తిన్నాడట. నేను మాస్టారి వైపు చూశాను. ఆయనకీ అదే గుర్తొచ్చింది. మొహంలో బాధ ఉంది. దాంతోపాటు ఇంకోటి కూడా ఉంది. తన పాఠం కళ్ళముందు నిజమైందన్న ముచ్చట. అది చూసి నేను అవనిగడ్డ బస్సెక్కేశాను.

జూన్ మొదట్లో గ్రామసభ పెట్టారు. దిబ్బకి పట్టా రాలేదు. దిబ్బని సమాఖ్యకి అప్పగిస్తూ తీర్మానం చెయ్యమని కాగితం వచ్చింది. జెట్టీ కడతారట, మేత గోడౌన్ కడతారట. షెల్టర్ కింద హాల్లో కుర్చీలు. మండలం నుంచి వచ్చిన ఆఫీసరు దాన్ని చదివాడు. "ఒప్పుకునేవాళ్ళు చేతులెత్తండి. కాదనేవాళ్ళు ఆ గోడ దగ్గర నిలబడండి," అన్నాడు. తలుపు దగ్గర ఎర్రచొక్కాలు నిలబడి ఎవరు ఎటు వెళ్తారో చూస్తున్నాయి.

పెద్దపాలెం పెద్ద నాకంటే ముసలాడు. చెవిలో చెప్పాను. "ఎత్తొద్దు. నీ కోడళ్ళు చేపలు ఎక్కడ ఎండబెడతారు?"

"తెడ్డు చేతులు మారింది సత్తయ్యా," అన్నాడు. "ఇచ్చి మళ్ళీ అడగడం మా ఇంటావంటా లేదు. ఇచ్చింది నీ కొడుకే కదా." చెయ్యి ఎత్తాడు. గర్వంగా ఎత్తాడు. గోచీ ఊడిపోతున్నా మాట తప్పలేదని మురిసిపోయే జాతి మాది. నడిమిపాలెం పెద్ద కూడా ఎత్తాడు. వాళ్ళని చూసి అందరూ ఎత్తారు.

ఆడవాళ్ళు వరండాలో నిలబడి ఉన్నారు. వాళ్ళని లోపలికి ఎవరూ పిలవలేదు. కొండమ్మ తనే వచ్చింది.

"మా చేపలు ఎక్కడ ఎండబెట్టాలయ్యా?"

"అది తర్వాత చూద్దాం అమ్మా," అన్నాడు ఆఫీసరు.

ఆమె ప్రసాద్ వైపు తిరిగింది. "ఏరా, మీ అమ్మ అరిచేతులు చూశావా ఎప్పుడన్నా? ఆ ఉప్పులో, ఆ ఇసుకలో పగిలిపోయి ఉండేయి. ఆ చేతులతో నిన్ను చదివించింది. మమ్మల్ని ఒక్కమాట అడిగావురా?"

"పిన్నీ, మన ఐక్యత కోసం..."

"నీ ఐక్యతకి మేం అడ్డమొచ్చామా?"

వాడు చొక్కా మీద కుట్టిన తెడ్డు బొమ్మ వైపు చూసుకున్నాడు. చెయ్యి ఎత్తే ఉంచాడు.

నేనూ కొండమ్మా వెళ్ళి గోడ దగ్గర నిలబడ్డాం. అటు ఊరంతా, ఇటు మేమిద్దరం. ఆఫీసరు మా వైపు చూసి, కాగితం వైపు చూసి, "ఏకగ్రీవం," అన్నాడు. చప్పట్లు కొట్టారు. ఎదురుగా మనుషులు నిలబడి ఉండగా ఏకగ్రీవం అనడం ఆ రోజే చూశాను. మాస్టారు వెనక వరసలో తల దించుకుని ఉన్నాడు. మర్నాడు బందరు బస్సెక్కాడు. తర్వాత ఒకసారి ఫోను చేసి, "చరిత్రలో ఇలాంటివి మామూలే సత్తయ్య గారూ," అన్నాడు. పెట్టేశాను. మామూలే అయితే వచ్చి చెప్పడం ఎందుకు?

నిషేధం అయిపోయి పడవలు దించేసరికి దిబ్బ చుట్టూ ఇనుపకంచె లేచింది. మా మెత్తళ్ళు ఇప్పుడు కరకట్ట రోడ్డు మీద ఎండుతున్నాయి. లారీలు వాటి మీద నుంచే వెళ్తాయి. టైర్లు నలిపిన చేపని సుభాని కొనడు. కొనమని నేనూ అడగను. కొండమ్మ పొద్దస్తమానం ఒక కర్ర పట్టుకుని రోడ్డు మధ్యలో నిలబడుతుంది, లారీలు పక్కగా పొమ్మని. డ్రైవర్లు ఆమెని బూతులు తిడతారు.

సమాఖ్యలో ప్రసాద్‌కి ఏ పదవీ రాలేదు. అడగలేదట కూడా. అది చెప్పుకుని గర్వపడ్డాడు.

"గారిబాల్డీ కూడా ఏమీ తీసుకోలేదు నాన్నా. రాజు ఇస్తానన్నవన్నీ కాదని, ఒక్క విత్తనాల బస్తాతో తన దీవికి వెళ్ళిపోయాడు."

"వాడికి వెళ్ళడానికి దీవి ఉంది," అన్నాను. "కొండమ్మకి?"

వాడితో నేను ఆడిన ఆఖరి మాట అదే. పడవ వాడికి వదిలేశాను. కొండమ్మ కొడుకు పడవలో వాటాకి వెళ్తున్నాను. వెనక పాకలో పొయ్యి వేరే పెట్టుకున్నాను. సముద్రం మీద మా పడవలు పక్కపక్కకి వస్తాయి. వాడు చెయ్యి ఊపుతాడు. నేను ఇంజన్ వైపు తిరుగుతాను.

జ్యోతిర్మయి ఒక సాయంత్రం కంచంలో అన్నం, చేపల పులుసు పెట్టుకుని వచ్చింది. అక్కడే కూర్చుంది.

"మావయ్యా, ఆయన సరిగ్గా తినడం లేదు. ఒక్కసారి మాట్లాడండి. తిట్టినా సరే, కొట్టినా సరే."

"తిట్టడం కూడా మాట్లాడటమే అమ్మాయ్."

"ఇంకెన్నాళ్ళు?"

పులుసు బాగుంది. పిల్ల మంచిది. కంచం కడిగి చేతికిచ్చాను.

ఊళ్ళో ఇప్పటికీ అడుగుతుంటారు. అసలేం జరిగింది, తప్పు ఎవరిది, మీరిద్దరూ ఎప్పుడు కలుస్తారు అని. ఏం జరిగిందో ఇదుగో, రాశాను. తప్పు ఎవరిదో పైనే ఉంది. మూడోదానికి జవాబు లేదు. ఇక ఎవరైనా నా ముందు ఆ వేసవి పేరెత్తితే లేచి వెళ్ళిపోతాను. చచ్చేముందు నా మంచం పక్కన వాడు కూర్చుని అడిగినా సరే, గోడ వైపు తిరుగుతాను.